కత్తిరించిన పేర్లు

జక్రాన్‌పల్లి,
ఆదివారం, పొద్దుగూకినంక.

చిరంజీవి లావణ్యకు,

మీ పెద్దబాపు దీవించి రాసేది. పసుపు తవ్వుడు అయిపోయింది. ఉడకబెట్టి కల్లంల ఆరబోసినం. మీ బాపు రాత్రిపూట సుత అక్కడనే పండుకుంటుండు. మొన్న నువ్వు ఫోన్ల ఏడ్చినవని మీ అమ్మ చెప్పింది. నాతోని మాట్లాడినప్పుడు ఏడ్వలేదు గని, నీ గొంతు నాకు తెల్వదా బిడ్డా. అప్పుడు జవాబు చెప్పుడు నాతోని కాలే. అందుకే కాగితం పట్టిన.

నువ్వన్న మాటలు నాకింకా చెవుల్లనే ఉన్నయ్. "ఏడాదంత గుంపుల గొంతు కలిపిన పెద్దబాపూ. పెండ్లింట్ల ముచ్చట పెట్టే ఆడోళ్లు, బస్సుల లొల్లి చేసేటోళ్లు, దవాఖానల ఏడ్చేటోళ్లు, అందరు నేనే. ఇప్పుడు హీరోయిన్‌కు డబ్బింగ్ చెప్పమంటున్నరు. గని ఎవ్వరికీ చెప్పొద్దంట, పేరు వెయ్యరంట. కనబడని పని ఎన్నేండ్లు చెయ్యాలె? వాపస్ వచ్చేస్త" అన్నవు.

రావద్దని నేననను. ఇల్లు నీది, ఎప్పుడైన రావచ్చు. గని వచ్చే ముంగట నేను ఇన్నేండ్లు ఎవ్వరికీ చెప్పని సంగతొకటి విను.

నేను ఆర్మూర్‌ల ఒక హాల్ల ఆపరేటర్‌గ చేసిన్నని నీకెరుకే. అంతకు ముంగట టూరింగ్ టాకీస్‌ల రీళ్లు చుట్టే పిలగాన్ని. కార్బన్ పుల్లలు అంటించి, మంట సన్నబడకుండ చూసుకుంట, రెండు మిషన్ల నడుమ ఉరుకుడే నా పని. రీలు అయిపోయే ముంగట తెర మీద కుడి మూలకు ఒక చుక్క మెరుస్తది. అది చూసి రెండో మిషన్ చాలు చెయ్యాలె. మళ్ల చుక్క పడంగనే బొమ్మను అటు మార్చాలె. హాల్ల కూసున్నోళ్లల్ల ఒక్కరికి సుత ఆ చుక్క కనబడది. వాళ్లు చూడొద్దనే అంత చిన్నగ పెట్టిన్రు.

టైటిల్స్ పడేటప్పుడు హాల్ల చూసేదెవరు? సగం మంది గేటు కాడ, సగం మంది పిల్లల్ని సదురుకుంట ఉంటరు. హీరో పేరు పడితె ఈలలు. ఆ తర్వాత నృత్యం, స్టంట్, మేకప్, సహాయం అనుకుంట కార్డులు వచ్చిపోతయ్. వాటిని ఆఖరు దాక చదివింది పైన గదిల ఉన్న నేనొక్కన్నే, రోజుకు నాలుగు ఆటలు.

పండుగలకు అయిదో ఆట వేసేది. టైం సరిపోకపోతె మేనేజర్ పైకొచ్చి "టైటిల్స్ కొయ్" అనేటోడు. ఏడ కొయ్యాలె? హీరో హీరోయిన్ల పేర్లు కోస్తే జనం ఊకోరు. డైరెక్టర్ పేరు చివర్ల పడాలె. అంటే నడుమల కొయ్యాలె. సెకనుకు 24 బొమ్మలు. ఒక కార్డు నాలుగు సెకన్లు ఉంటే 96 బొమ్మలు, అంటే ఆరు అడుగుల ఫిల్మ్. ఒక మనిషి నిలువంత. కత్తెర నా చేతులనే ఉండె. కోసి, అంచులు గీకి, సిమెంటు రాసి అతికేటోన్ని. డబ్బా వాపస్ పోయే ముంగట కోసిన ముక్కను మళ్ల కలపాలె. కలిపిన. గని ప్రతిసారి కాదు. నిజామాబాద్ బస్సుకు టైం అయిందని అట్లనే మూత పెట్టి పంపిన రోజులున్నయ్. ఆ మిగిలిన ముక్కలు పారేయ బుద్ధి కాక ఒక డాల్డా డబ్బాల వేసి ఇంటికి తెచ్చిన. మీ పెద్దమ్మకు సుత ఆ డబ్బాల ఏమున్నదో తెల్వదు.

నీకిది ఎందుకు చెప్తున్న అంటే, కనబడకపోవుడు వేరు, పేరు లేకపోవుడు వేరు. కనబడకపోవుడు పనిల ఉన్న గుణం. పేరు లేకపోవుడు ఎవరో ఒకరు కత్తెర పట్టి చేసే పని. మొదటిదానికి సిగ్గుపడకు. రెండోదానికి ఒప్పుకోకు. నేను చెప్పదలుచుకున్నది ఇంతే, గని ఇంత చిన్నగ చెప్తె నువ్వు వినవు, అందుకే వివరంగ రాస్తున్న.

1957ల వచ్చిన మాయాబజార్‌ను నేను ఎన్నిసార్లు ఆడించిన్నో లెక్క లేదు. ఘటోత్కచుడు లడ్డూలు మింగుకుంట పాడుతుంటె హాలంత రంగారావుకు దండం పెట్టేది. ఆ పాట మాధవపెద్ది సత్యంది. శశిరేఖ వేషంల ఉన్న ఘటోత్కచుడు పెండ్లి పాట పాడే చోట తెర మీద సావిత్రి ఒక్కతే. గొంతులు రెండు, సుశీలది, నడుమ నడుమ ఘంటసాలది. పడవ మీద అదే శశిరేఖకు పి. లీల గొంతు. ఒక్క పిల్లను నిలబెట్టుడానికి ఎంతమంది కలిసిన్రో చూడు. నర్తనశాలలో (1963) బృహన్నల వేషమేసిన రామారావు నోటెంబడి వచ్చింది మంగళంపల్లి బాలమురళీకృష్ణ సంగీతం. దీన్ని మోసమని ఎవ్వరనలే. ఎందుకంటే ఆ గొంతుల పేర్లు టైటిల్స్‌లో ఉండె, రికార్డుల మీద ఉండె, రేడియోల చెప్పేటోళ్లు. పాడేటోళ్లకు ఆ పేరు ఊకెనే రాలే బిడ్డా. 1949ల మహల్ అనే హిందీ సినిమా వచ్చింది. దాంట్ల మధుబాల పాటకు దేశమంత పిచ్చిగైంది. రికార్డు మీద పాడినామె పేరు "కామిని" అని వేసిన్రు. కామిని ఎవరు? సినిమాల పాత్ర. పాడింది లతా మంగేష్కర్. జనం రేడియోకు ఉత్తరాలు రాసి రాసి అడిగితె గని అసలు పేరు చెప్పలే. తర్వాత ఆమె పాటగాళ్ల కోసం గట్టిగ నిలబడ్డది. గాయకులకు బహుమతే లేని ఫిల్మ్‌ఫేర్ సభల పాడనన్నది. 1959ల ఆ బహుమతి మొదలైంది, మొదటిది ఆమెకే వచ్చింది.

అమెరికాల మార్నీ నిక్సన్ అని ఒకామె ఉండె. ద కింగ్ అండ్ ఐ (1956) ల డెబొరా కెర్‌కు, వెస్ట్ సైడ్ స్టోరీ (1961) ల నటాలీ వుడ్‌కు, మై ఫెయిర్ లేడీ (1964) ల ఆడ్రీ హెప్‌బర్న్‌కు పాటలు పాడింది. మూడింట్ల ఒక్కదాంట్ల సుత ఆమె పేరు వెయ్యలే. బయట చెప్తె పని దొరకదని మొదటి సినిమా అప్పుడు బెదిరించిన్రు. నీకిప్పుడు చెప్పిన మాటనే. గని డెబొరా కెర్ మంచి మనిషి, తనే పత్రికలోళ్లకు చెప్పింది, "ఆ పాటలు నావి కావు, ఆమెవి" అని. వెస్ట్ సైడ్ స్టోరీ అప్పుడు మార్నీ నిక్సన్ రికార్డుల వాటా అడిగితె సంగీతం చేసిన బెర్న్‌స్టీన్ తన రాయల్టీల నుంచి పావు శాతం ఇచ్చిండు. పావు శాతం అంటే ఎంత అని అనుకోకు. అడిగింది కాబట్టి వచ్చింది.

ఇగ మన దిక్కు చూడు. పేరు ఉన్నా చదివేటోళ్లు లేని మనుషులు ఇంకెంతమందో. ఘంటసాల విజయనగరంల సంగీతం నేర్చుకున్నది పట్రాయని సీతారామశాస్త్రి దగ్గర. ఆ గురువు కొడుకు సంగీతరావు. ఆయన మద్రాసు పోయి ఘంటసాలకు సహాయకునిగ కూసున్నడు. గురువు కొడుకు, శిష్యునికి సహాయం! వేరేటోళ్లైతె చిన్నతనమనుకుందురు. ఆయన 1974ల ఘంటసాల పోయేదాక ఆ పక్కనే ఉన్నడు. తర్వాత వెంపటి చినసత్యం కూచిపూడి నాటకాలకు సంగీతం కట్టిండు. నూరేండ్లు బతికి 2021ల కరోనాల పోయిండు. నాకు ఆయన మీద ఉన్న గౌరవం ఎంత పెద్ద హీరో మీద సుత లేదు. కె.వి. మహదేవన్ వెనుక పుహళేంది అట్లనే. సినిమా పరిశ్రమంత "మామ" అని పిలిచే మహదేవన్‌కు సంగీతం పుడితె దాన్ని కాయితం మీద పెట్టి, వాద్యాలోళ్లతోని పలికించి, పాడేటోళ్లకు నేర్పేది పుహళేంది. మలయాళపాయన, తమిళ సంగీతకారుని పక్కన కూసోని తెలుగు పాటలు. శంకరాభరణం టైటిల్స్‌లో ఆయన పేరు పడుతుంటె నేను గదిల ఒక్కసారన్న లేచి నిలబడేటోన్ని.

గుంపుల గొంతు కలుపుడు తక్కువ అంటున్నవు కదా. ఎల్.ఆర్. ఈశ్వరి వాళ్ల అమ్మ జెమినీ స్టూడియోల కోరస్ పాడేది. బిడ్డ అమ్మ ఎంబడి పోయి కోరస్‌లనే మొదలుపెట్టింది. ఆ గుంపుల నుంచే వచ్చి, దేవుడు చేసిన మనుషులు (1973) ఆడినప్పుడు మన హాల్ల ముందు వరుస బెంచీలు విరిగేటట్టు జనాన్ని ఎగిరించింది. గుంపుల పాడేటప్పుడు పక్కనోళ్ల ఊపిరి వినుకుంట పాడాలె, తన గొంతు పైకి తేలొద్దు. అది నేర్చినోళ్లకు తర్వాత ఏదైన వస్తది. నువ్వు ఏడాది నేర్చింది అదే, ఉత్తగ పోలే.

నీ పనినే చేసిన పెద్దోళ్లు సుత ఉన్నరు. కొంగర జగ్గయ్య తనే హీరో, ఆకాశవాణి వార్తలు చదివిన గొంతు, 1967ల ఒంగోలు నుంచి పార్లమెంటుకు పోయినాయన. అట్లాంటాయన శివాజీ గణేశన్ తమిళ సినిమాలు తెలుగులకు వస్తే ఆయనకు గొంతిచ్చిండు. తనకంటె పెద్ద నటుని నోట్లకు తన మాట పంపుడు చిన్నతనమనుకోలే. బాలసుబ్రహ్మణ్యం కమల్‌హాసన్‌కు చెప్పిండు, గాంధీ సినిమా తెలుగులకు వచ్చినప్పుడు బెన్ కింగ్‌స్లేకు చెప్పిండు, అన్నమయ్యలో సుమన్ వేసిన వేంకటేశ్వరునికి చెప్పి నంది తీసుకున్నడు. రోజారమణి సంగతి నాకు అన్నిటికంటె ముద్దు. భక్త ప్రహ్లాదలో (1967) ఆ పిల్ల ప్రహ్లాదుడైతె పాటలు ఎస్. జానకివి. చిన్నప్పుడు ఇంకొకరి గొంతు అప్పు తీసుకున్న ఆ పిల్ల పెద్దగైనంక డబ్బింగ్ గదిల నిలబడి వందల సినిమాల్లో హీరోయిన్లకు తన గొంతిచ్చింది. అప్పు ఎన్నింతలు చేసి తీర్చిందో చూడు.

మన పక్కనే ఉన్న కరీంనగర్ల పుట్టిన పైడి జైరాజ్‌ను మరువకు. 1929ల బొంబాయి పోయిండు, మూకీ సినిమాల కాలం. మొదట్ల చేసిన జగ్‌మగ్‌తీ జవానీలో హీరో మాధవ్ కాళేకు గుర్రం స్వారీ, కొట్లాటలు రాకపోతె ముసుగేసుకోని అవన్నీ జైరాజ్ చేసిండని ఆయన కథ చెప్పేటోళ్లు చెప్తరు. ఆ ముసుగు మనిషే తర్వాత హిందీల హీరో అయిండు, 1980కి దాదాసాహెబ్ ఫాల్కే అవార్డు తీసుకున్నడు. అమెరికాల ఆస్కార్లు మొదలైంది సుత అదే 1929ల. దెబ్బలు తినేటోళ్లకు, స్టంట్ పనికి అక్కడ వేరే బహుమతి ఇస్తమని 2025ల చెప్పిన్రు, 2028 సభల మొదటిది ఇస్తరు. తొంభై తొమ్మిదేండ్లు పట్టింది. ఆ నడుమ కాళ్లు విరిగినోళ్ల పేర్లు ఏ డబ్బాల ఉన్నయో.

ఇగ పని సంగతి. నేను బొమ్మ నడిపినోన్ని కాబట్టి పెదవులు చూసుడు నాకెరుక. ప, బ, మ అన్నప్పుడు పెదవులు మూసుకుంటయ్. తెర మీద మూసుకుంటె నీ మాటల సుత ఆ అక్షరమే పడాలె, లేకపోతె బొమ్మ ఒకటి మాట ఒకటి అయితది. 1950ల ఆహుతి అని హిందీ నుంచి తెలుగులకు మార్చిన మొదటి సినిమాకు మాటలు, పాటలు రాసింది శ్రీశ్రీ. అంత కవి కూసోని ఎవరో హిందీ నటుల పెదవులకు తెలుగక్షరాలు వెతికిండంటె ఈ పని తేలికైందా చెప్పు. నువ్వు అద్దం ముంగట నిలబడి మూసిన పెదవుల మాటలు, తెరిచిన పెదవుల మాటలు వేరుగ చదువు. ఊపిరి ఏడ తీసుకుంటదో ఆ హీరోయిన్‌ది చూడు. మాటకంటె ముంగట ఊపిరి కలవాలె. కేకలు, ఏడుపులు రోజు ఆఖర్ల పెట్టమని అడుగు. పొద్దుగాలనే అరిస్తె మధ్యాహ్నానికి గొంతు బొంగురైతది. దీనికి ఎవరన్న మొఖం మాడ్చుకున్నా సరే అడుగు. ఆ గొంతు నీ పొలం. ఒక్క పంటకు పిండుకోని పడావు పెట్టుకోకు.

నీ మాటల మన యాస వస్తదని మొదట్ల ఒకాయన నిన్ను బయటికి పంపిండు కదా. ఆయన పేరు నువ్వు చెప్పలే, నేనడగలే. పాత సినిమాల్ల మన మాట నవ్వించేటోనికో, రౌడీకో ఇచ్చిన్రు. అది చూసుకుంట నేను పెరిగిన, మనసుకు ముల్లోలె ఉండేది. ఇప్పుడు అదే మాటతోని హీరోయిన్లు మాట్లాడుతున్నరు. నువ్వు రెండూ నేర్చుకో. వాళ్లకు కావాల్సింది ఇయ్యి, నీది దాచుకో. పోగొట్టుకోకు.

ఇప్పుడు పేరు సంగతి. గదిలకు పోయే ముంగటనే అడగాలె, మాట చెప్పినంక కాదు. "టైటిల్స్‌లో నా పేరు పడుతదా? ఎట్ల పడుతది?" కాయితం మీద రాయించుకో. వెయ్యం అంటె ఎందుకు వెయ్యరో చెప్పమను. ఒక్కసారికి వద్దన్నా, రెండోసారికి ఆలోచిస్తరు. పైసలు ఎంత, ఎన్ని దినాలల్ల ఇస్తరు, అది సుత రాయాలె. ఇప్పుడు కొత్తది ఇంకొకటి వచ్చింది. నీ గొంతు ఒక్కసారి పడితె మిషన్ దాన్ని నేర్చుకోని నువ్వు లేకుండనే మాట్లాడుతదంట. 2024ల పాటగాడు అరిజిత్ సింగ్ బొంబాయి హైకోర్టుకు పోయి తన గొంతు అట్ల వాడొద్దని ఆర్డర్ తెచ్చుకున్నడు. ఆయనకు పేరున్నది, కోర్టు వింటది. పేరు లేనోళ్ల గొంతు ఎత్తుకపోతె ఎవరిదని చెప్పుకుంటరు? అందుకే ఆ కాయితంల "ఈ సినిమాకే, వేరేదానికి వాడొద్దు" అని రాయించు. చదవకుండ సంతకం పెట్టకు. తెల్వకపోతె ఫోటో తీసి నాకు పంపు, ఆర్మూర్ల వకీలు దగ్గరికి పట్టుకపోత.

ఒక్కదానివే అడిగితె బెదిరిస్తరు. అందుకే యూనియన్ కార్డు తీసుకో. 2025 ఆగస్టుల తెలుగు సినిమా కార్మికులు కూలి 30 శాతం పెంచాలని పని ఆపితె రెండు వారాల మీద షూటింగులు బందైనయ్. ఆఖరుకు మూడేండ్లల విడతలుగ 22.5 శాతానికి ఒప్పందమైంది. ఒక్క లైట్ బాయ్ పోయి అడిగితె ఒక్క రూపాయి పెరుగునా? కార్మికులకు గూడు కావాలని తన పది ఎకరాలు ఇచ్చిన నటుడు డాక్టర్ ప్రభాకర్ రెడ్డి సుత మన తుంగతుర్తి మనిషే. చిత్రపురి కాలనీకి ఆయన పేరే పెట్టిన్రు. ఆ కాలనీల ఒకరోజు తిరుగు. అక్కడి ముసలోళ్లను కూసోబెట్టి అడుగు, ఏ సినిమాల ఏం చేసినవు అని. వాళ్లు చెప్పింది రాసుకో. ఇంకెవరు రాస్తరు?

హీరోయిన్‌ను తిట్టుకోకు. ఆమె మొఖం ఆమె కష్టం, నీ గొంతు నీ కష్టం. ఆమెకు తెలుగు రాదని నలుగుట్ల నవ్వుడు నీకు మర్యాద కాదు. వీలైతె ఒక్కసారి కలువు. డెబొరా కెర్ అసొంటి మనిషి అయితె తనే నీ పేరు చెప్తది.

ఇంత చెప్పినంక సుత వచ్చేస్త అంటె రా. పసుపు పాలిష్‌కు మనుషులు కావాలె, నీకింత పని ఉంటది, దాంట్ల సుత తక్కువేం లేదు. గని నాకైతె నువ్వు ఆ హీరోయిన్‌కు చెప్పాలనే ఉన్నది. సినిమా వచ్చిననాడు నేను ఆర్మూర్ హాలుకు అరగంట ముంగటనే పోయి కూసుంట.

మీ బాపు వచ్చే శనివారం పట్నం వస్తుండు. యూనియన్ కార్డుకు కట్టే పైసలు ఆయనతోని పంపుతున్న, వాపస్ ఇయ్యాలని చూడకు. ఒక కవరు సుత ఇస్తడు. దాంట్ల ఆ డాల్డా డబ్బాల నుంచి తీసిన ఫిల్మ్ ముక్క ఉన్నది, ఆరు అడుగులది, చుట్టి పెట్టిన. అంచులు పట్టుకో, నడుమ వేలు తగిలితె గీతలు పడుతయ్. కిటికీ వెలుతురుకు అడ్డం పెట్టి చూడు. సహాయకుల కార్డు అది, ఏడు పేర్లున్నయ్. పైకే చదువు, అందరివీ.

ఇట్లు,
మీ పెద్దబాపు